ఊర్మేల్‌కి మొక్కు

సీల్ కొవ్వు దీపాల ఓస్‌వ్రాక్ రేవులో
ఊర్మేల్‌కి విగ్రహం లేదు.
ఉండేదట. సముద్రం పట్టుకుపోయింది.
అది నిలబడ్డ గుంటకే మొక్కుతారు.

పువ్వులు పనికిరావు. జత తప్పినవే తేవాలి:
ఒక తెడ్డు, ఒక చేతితొడుగు,
సగం అల్లిన పసివాడి మేజోడు.

వలలు కుట్టే తెస్వీన్ మాత్రం
ఒట్టి చేతులతో వచ్చింది.
"పడవతో పాటే అన్నీ పోయాయి తల్లీ.
గంజి మటుకు ఇంకా ఇద్దరికి కాస్తున్నాను.
ఈ చెయ్యి కొలత మరవదు.
ఈ అలవాటు తీసుకో."

గుంటలో మంచునీళ్లు కదల్లేదు.
ఊర్మేల్ ఏదీ తిరిగివ్వదు, ఓదార్చదు.
అంత చేతనైన దేవత కాదు;
తన మొహమే తనకు గుర్తులేదు.

ఆ రాత్రి రెండో గిన్నె
ఎప్పట్లాగే కుక్కకు పెట్టబోయింది తెస్వీన్.
అడుగుదాకా ఖాళీ.
కుక్క గుమ్మం అవతలే ఉంది.
గిన్నె అంచున ఉప్పు.