గుర్తు

ఆ పిల్ల పేరు డెల్ఫీన్.
పెరంబూరు రైల్వే లైన్లలో పుట్టిందట.
మా వాషర్మెన్‌పేటకు మొదటిసారి వచ్చినప్పుడు
ఓటరు లిస్టు మనిషనుకుని
ఇస్త్రీ బండి కింద రేషన్ కార్డు వెతికాను.

ఏం పని చేస్తావమ్మా అంటే ఒక్కటి చెప్పదు.
గీస్తుంది. కుడుతుంది.
నీలిమందులో చేతులు ముంచి గోడకు అద్దుతుంది.
మైకు పట్టుకుని, తడిగుడ్డ మీద పెట్టె పెడితే వచ్చే
ఆ చిన్న ఉస్సుమనే చప్పుడు కూడా దాచుకుంటుంది.
ఒకసారి తెల్లటి గదిలో, జనం ముందు,
నాలుగు గంటలు ఒక్క దుప్పటే ఉతికిందట.
వీడియో చూపించింది.
పిండటం రాదు.

కుంపిణీ తాన్లు చలువ చెయ్యడానికే
ఈ పేట పుట్టింది తాతా, అంది.
ఇస్త్రీ అనే మాటే ఓడలో వచ్చింది,
బొత్తాం, తువాలు, అలమార కూడా, అంది.
రానీలే అన్నాను.
మా తాత అరచేతిలో, మా అయ్య అరచేతిలో, నా అరచేతిలో
కాయ కాసిన మాట
ఇంకా పరాయిదెట్లా అవుతుంది?

ఆమె తెలుగు వంద మాటలుంటుందేమో.
అన్నీ వంటింటివి, తిట్లు.
ముత్తవ్వ నోట జారినవి, ఒకరి నుంచి ఒకరికి.
మిగతాదంతా ఇంగ్లీషు, మెడ్రాసు తమిళం.
చెయ్యి కాలితే మాత్రం
"నీ తాడు తెగ" అంటుంది, పెట్టెను.

చర్చిలో పాత రిజిస్టరు ఫోటో తెచ్చింది, చదివి చెప్పింది.
బిడ్డ పేరుంది. తేదీ ఉంది.
తండ్రి, పటాలంలో గన్నరు.
తల్లి అన్న చోట,
"ఒక నేటివు ఆడది."
సిరాకు కరువేం లేదు.
పక్కనే పాదిరి సంతకం
మెలికలు తిరిగి బారెడుంది.

తర్వాత సంచిలోంచి గౌను తీసింది.
ఆ బిడ్డ బాప్తిస్మానికి తొడిగిందట,
పసుపు తేలిన మల్లు గుడ్డ.
మీరు ఇంటింటికీ ఒక గుర్తు వేస్తారుగా తాతా,
ఇది ఎవరింటిదో చెప్పు.

నల్లజీడి రసంతో మా అయ్య వేసిన గుర్తులన్నీ
నాకిప్పటికీ నోటికొచ్చు.
మూడు చుక్కలు బేసిన్ బ్రిడ్జి ఇంజను డ్రైవరు.
చుక్క మీద గీత పోస్టుమాస్టరు.
కొక్కెం, బాకీ ఎగ్గొట్టిన దొరసాని.
చదువు రానివాళ్లం,
పట్నమంతా రాసిపెట్టుకున్నాం.

గౌను తిరగేశాను.
మెడ, అంచు, చంక కుట్టు.
ఎండకు పట్టి చూశాను.
ఏమీ లేదు.
ఆమె మైకు ఆపేసింది.

అప్పుడన్నాను,
మా ఇంటి బట్టకు మేం గుర్తు వెయ్యమమ్మా.
మనదని తెలియదూ?

బండి చక్రం పక్కన, ఆ దుమ్ములోనే,
కూర్చుండిపోయింది.

నేనన్నది అబద్ధం కాదు. వెయ్యం.
కానీ ఏ చాకలి చేతికీ రాని బట్టకూ గుర్తుండదు.
ఆ మాట నాలుక దాకా వచ్చింది.
బొగ్గులు ఊదుకుంటూ ఉండిపోయాను.

గౌను మీద నీళ్లు చిలకరించి,
పెట్టె వేడి చెంప దగ్గర చూసుకుని,
చేతులు ముందు, మెడ తర్వాత,
ఊపిరి బిగబట్టి రుద్దాను.
వేలెడంత చేతులు.

ఎంతయ్యింది తాతా, అంది.
నలభై ఏళ్లుగా చెప్పే అంకె
నోటికి రాలేదు.