ఛాయిస్‌లో వదిలేసిన పాఠం

పొదలకూరు హైస్కూల్లో, ఎనభై ఏడులో
మాలకొండయ్య సారు ఆ పాఠం దాకా వచ్చి
సుద్దముక్క కిటికీలో పెట్టి
చేతులు దులుపుకున్నాడు.
"ఇది ఇంటికాడ చదువుకోండి.
ఛాయిస్‌లో వదిలేసినా పర్లేదు."

ఇంటికాడ ఎవురు చదవనిచ్చారు?
అక్క చదివి నాకిచ్చిన పుస్తకంలో
ఆ నాలుగు పేజీలూ అప్పటికే
అన్నం మెతుకులతో అతికించి ఉన్నాయి.

ఆ ఏడే పెంచలమ్మ బెంచీ మీంచి లేవనంది.
లాంగ్ బెల్లు కొట్టినా లేవలా.
కడుపులో ఏదో తెగిందనీ, చచ్చిపోతాననీ
నా చెయ్యి పట్టుకుని వొణికింది.
సాయంత్రానికి కొబ్బరాకుల గుడిసె, చిమ్మిలి ఉండలు,
పదకొండో రోజు మైకు సెట్టు.
ఊరందరికీ చెప్పారు,
దానికి తప్ప.

మగపిల్లకాయలకి గోడలుండేవి.
నెల్లూరు ట్రంకురోడ్డు లాడ్జీలో
మంగళవారం మంగళవారం దిగే డాక్టరు
నీలం అక్షరాల్లో వాళ్ళకి భయం నేర్పేవాడు.
మా అన్న రెండు నెలల నిమ్మకాయల కూలి
ఆయన చేతిలో పోసి పొడి పొట్లం తెచ్చుకున్నాడు.
జబ్బా, పాడా!
మీసమొస్తా ఉండాదంతే.

నేను ఉద్యోగంలో చేరినప్పుడు
మగపిల్లల్ని గ్రౌండుకి తోలి, తలుపులేసి
నర్సమ్మ చేత గుసగుసగా చెప్పించేవాళ్ళం.
ప్యాకెట్లు పేపర్లో చుట్టి పంచేవాళ్ళం,
దొంగసొత్తు మాదిరి.
బయట కబడ్డీ కూత మధ్యలో ఆగిపోయేది.

ఇప్పుడు తలుపు తీసే ఉంటుంది. అందరూ ఒకే గదిలో.
అయినా ఆ మాట బోర్డు మీద రాసేటప్పుడు
నా సుద్దముక్క ఒకసారి విరుగుతుంది, అబద్ధమెందుకు.
ఖాళీ హార్లిక్స్ సీసాలో చీటీలు, పేర్లుండవు.
"వద్దన్నాక కూడా వెంటబడితే అది ప్రేమా టీచర్?"
"మా చెల్లిని వసారాలో కూర్చోబెట్టినారు.
నొప్పంటంది. నేను వేణ్ణీళ్ళిస్తే తప్పా?"
రెండోది ఎవరి రాతో నాకు తెలుసు.
తెలీనట్టే చదివాను.

మొన్న నిమ్మకాయల యార్డు నుంచి
పెంచలమ్మ నేరుగా గేటుకాడికొచ్చింది.
మనవరాలు ఎనిమిది 'బి'.
"ఏందిమే, పిల్లకాయలకి అన్నీ చెప్పేస్తన్నావంట?"
తగాదాకే అనుకున్నా.
చెంగుతో చేతులు తుడుచుకుని
పక్కనెవరూ లేరని చూసుకుంది.
"నాకది నిలిచిపోయి ఆర్నెల్లయిందిమే.
ఎందుకొచ్చిందో ఆనాడు ఎవురూ చెప్పలా.
ఎందుకు పోయిందో అన్నా చెప్పు."

బడి వదిలేశారు. ఖాళీ క్లాసులో
అదే బెంచీ కాదు గానీ
ఒక బెంచీ చూపించాను.