చట్రం వెనక

ఆమె బొమ్మల ముందువైపు గురించి
చదువుకున్నవాళ్లు రాసుకుంటారు.
నాకు తెలిసింది వెనకవైపు.

ముప్పయ్యొక్క ఏళ్లు ఐలీ హాపలాకి
చట్రాలు కట్టిన వడ్రంగిని.
డులూత్‌లో, రేవుకి దిగే వాలులో,
గడ్డకట్టిన సరస్సు మీంచి వచ్చిన గాలి
తలుపు సందుల్లో ఈల వేసే కొట్టు నాది.

మొదటిసారి కొలతలు రాసుకురాలేదు.
రెండు చేతులూ బారజాపి
"ఇంత. పైన ఇంకో మూర" అంది.
ఆనాటినుంచి ఆమె బారే నా టేపు.
వయసు మీదపడి భుజం జారాక
చట్రాలూ రెండంగుళాలు తగ్గాయి.
ఇద్దరం ఆ మాట ఎత్తలేదు.

తెల్లవారుజామున నాలుగింటికి రొట్టెల బట్టీలో పిండి పిసికేది.
మధ్యాహ్నం, చేపలవాళ్లు వదిలేసిన పాకలో
నేలమీద గుడ్డ పరిచి
మేజోళ్లతో దానిమీదకే ఎక్కేది.
కుంచె పట్టగా చూసింది తక్కువ.
రొట్టెలు తిరగేసే చెక్క, పొలుసు గీకే కత్తి,
గోడలకి వేసే రంగు డబ్బాలకి డబ్బాలు.
ఎరుపు మాత్రం ఎన్నడూ కొనలేదు.
ఓడలకెత్తేటప్పుడు రాలిన ఇనుప ధూళిని
చీపురుతో ఊడ్చుకొచ్చి
అవిసె నూనెలో నూరేది.
మా అందరి చొక్కాలకీ, ఊపిరితిత్తులకీ
పట్టిన ఎరుపే అది.

ఉండబట్టలేక ఒకసారి అడిగాను:
"ఏమిటమ్మా ఇది?"
చాలాసేపు చూసింది, నాకేసి కాదు, బొమ్మకేసి.
"మంగళవారం" అంది.

సరే అనుకున్నాను.
వారం తిరిగి మంగళవారం వచ్చింది.
సీసంలాంటి ఆకాశం. పొగమంచులో ఎక్కడో
ఓడ కొమ్ము ఊదుతూ, ఊదుతూ,
కనబడని వంతెన పైకి లేస్తున్న చప్పుడు.
అంత బూడిదరంగు మీద ఆమె
ఒక్క పసుపు దెబ్బ ఎందుకు కొట్టిందో
అర్థమైందనను.
మెడ వెనక వెంట్రుకలు లేచాయి, అంతే.

తమ్ముడు వైనో నవంబరు తుఫానులో ఓడతోపాటు పోయాడు.
ఆ ఏడాదంతా తెలుపు మీద తెలుపు.
ఖాళీ గుడ్డే కదా అని చుట్టబోయాను.
"ఆగు. తడి ఆరలేదు."

న్యూయార్క్ నుంచి ఒకాయన వచ్చాడు,
ఒంటెరంగు కోటు, తడిసిన బూట్లు.
గోడకానించిన బొమ్మని తలకిందులుగానే చూసి
కళ్లజోడు తీసి, తుడుచుకుని, మెచ్చుకున్నాడు.
నేను నోరు తెరవబోతే నా కాలు తొక్కింది.
ఆయన కారు మలుపు తిరిగాక
పొట్ట పట్టుకుని నవ్వింది, పిండి అంటిన చేతుల్తో.
"అలా కూడా నిలబడింది చూడు!"
పదకొండు పట్టుకెళ్లి మూడింటికి డబ్బు పంపాడు.
అందులో నా బాకీ తీర్చి
మిగిలినదాంతో పాకకి ఉత్తరాన కిటికీ పెట్టించింది.
మర్నాడు నాలుగింటికి మళ్లీ బట్టీ.

అన్నిటికన్నా పెద్దది ఆ పాకలోనే కట్టాను.
పూర్తయ్యాక గుమ్మం పట్టలేదు.
చట్రం కోసి మళ్లీ అతుకుదామన్నాను.
గోడ కొయ్యమంది.
కోశాను. జనవరంతా ఆ కంతకి టార్పాలిన్ కట్టుకుని
కోటు మీద కోటు తొడుక్కుని గీసింది.

ఆ బొమ్మే ఇప్పుడు మినియాపొలిస్‌లో, తెల్లటి గోడ మీద.
జనం ఎదురుగా నిలబడి
గొంతు తగ్గించి మాట్లాడుకుంటున్నారు.
నేను పక్కకి పోయి, చెంప గోడకానించి,
అంచు చూశాను.
"సార్, కొంచెం దూరంగా" అన్నాడు కాపలా కుర్రాడు.
మేకులు లెక్కపెట్టుకుంటున్నానన్నాను.
వాడికి ఏం చెప్పాలో తోచలేదు.

ఒక్కోటీ గుడ్డలోకి తల దించుకుని, వరసగా, నా చేతివే.
కింది మూల నుంచి నాలుగోది మాత్రం వంకర.
అది నాది కాదు.
నేను జ్వరంతో పడుకున్న వారం
ఆగలేక తనే కొట్టుకుంది.
పీకి సరిగ్గా కొడతానని ఎన్నిసార్లన్నానో,
ఒక్కసారీ ఒప్పుకోలేదు.