బెల్టు బిగించేటోడు

షార్జా స్టేడియంల నా పని
కుర్చీని నేలకు కట్టుడు.
నాలుగు గొలుసులు, రెండు బెల్టులు.
పదకొండేండ్లు పరంజ మీద ఇదే చేసిన;
అక్కడ మనిషి జారొద్దని,
ఇక్కడ గుండు ఎగరాలని.

పొద్దటిసంది మనోళ్లకు ఒక వెండి, రెండు కంచులు.
మా మలయాళీ ఫోర్మన్
అరచేతిల పెన్నుతోటి గీతలు గీస్తుండు,
చెమటకు ఒకటి చెదిరితే మళ్ల దిద్దిండు.

ఫూల్మణి కుజూర్. రాంచీ దిక్కు పిల్ల.
నడుము కింద సోయి లేదు.
"ఔర్ కసో, భయ్యా."
బిగించిన.
"ఔర్."
బెల్టు తొడల్లకు దిగింది.
పండ్లు కరుసుకున్నది నేను.

ఆఖరి గుండు. ముందుగాల కేక పోయింది,
దాని ఎన్కనే ఇనుము.
మొన్నటి కంటె జానెడు దూరం.
అయినా నాలుగో స్థానం.
నాలుగో స్థానానికి జెండా లెవ్వదు.
ఫోర్మన్ పెన్ను జేబుల పెట్టుకున్నడు.

బెల్టు ఇప్పితే ఎర్రటి వాత.
ఆమె వాతను చూసింది, నా మొఖం చూసింది,
నాకేం నొప్పి లేదు, ఊకో అని
నన్నే సముదాయించింది.
నీళ్ల సీస మూత తిప్పుకుంట అడిగింది:
రేపు డిస్కస్. నువ్వే కడతవా?

రేపు నాకు సెలవు.
రూంల పిండేటి బట్టలున్నయి,
ఇంటికి పైసలు పంపేది ఉన్నది.

కడతా అని చెప్పిన.