నాలుగు నిమిషాల చెక్కుబందీ

వల్పరైసోలో, రేవు కోర్టు రెండో అంతస్తులో
గడిచిన కాలానికి రిజిస్టర్లు రాసే గుమస్తాను నేను.
భూమికి ఉన్నట్టే క్షణానికీ హద్దులుంటాయి మా దగ్గర.
ఎదువిహెస్ కర్రాస్కో వేసిన దావాలో షెడ్యూలు ఇదీ:

తూర్పు: కెటిల్ ఈల వేయబోయే ముందు.
దక్షిణం: కిటికీ అవతల ఆరేసిన రెండు దుప్పట్లు.
పడమర: వీధి తలుపు గొళ్ళెం పడిన చప్పుడు.
ఉత్తరం: పొగమంచు. సముద్రం కనపడదు.
ఈ నాలుగు హద్దుల నడుమ,
మంగళవారం ఏడూ పది నుంచి ఏడూ పద్నాలుగు దాకా
కొడుకు నిబాల్దో రొట్టె తిన్న కాలం
సర్వహక్కులతో వాది స్వాధీనానుభవంలో ఉన్నది.

అనుభవం.
ఈ మాట టైపు చేసినప్పుడల్లా
నా వేలు అర సెకను ఆగుతుంది.

ఆ ఉదయం ఏడున్నరకి మెట్ల కింద
తాళ్ళ గోదాం తగలబడింది.
ముప్పై ఒక్కరు పోయారు. నిబాల్దో వాళ్ళలో ఒకడు.
మిగతా ముప్పైమంది తాలూకు వాళ్ళూ
చివరి చూపుకి వెనక్కి వెళ్తుంటారు.
వెళ్ళాలంటే తలుపు కావాలి.
ఎవరో ఒకరు పొల్లుపోకుండా గుర్తుపెట్టుకున్న చోటే
అది తెరుచుకుంటుంది.
ఆ కొండ మొత్తం మీద ఆ ఉదయాన్ని
అంత గట్టిగా పట్టుకున్నది ఈమె ఒక్కతే.
కాబట్టి అందరూ ఆమె వంటింట్లోంచే,
తడి బూట్లతో, గొడుగులతో,
ఒకాయన పూలగుత్తితో.

ఇరవై ఏళ్ళు అడ్డు చెప్పకపోతే
నడిచినవాళ్ళకి దారి హక్కు వస్తుంది,
ద్రాక్షతోట గట్టుకైనా, గతానికైనా.
పందొమ్మిదేళ్ళ పదకొండు నెలలకి ఆమె కోర్టుకెక్కింది.

ఆమె మాత్రం ఎప్పుడూ వెళ్ళలేదు.
పదిహేడో సెక్షన్: ఒక హద్దులో ఒకే మనిషి
రెండుసార్లు నిలబడరాదు.
ఆ నాలుగు నిమిషాల్లో ఆమె ముందే ఉంది,
కిటికీ దగ్గర, దుప్పటికి క్లిప్పులు పెడుతూ,
బల్ల వైపు వీపు పెట్టి.

జడ్జి ఒయార్సూన్ కళ్ళజోడు తుడుచుకుంటూ అడిగింది:
"మీకు జరిగిన నష్టం ఏమిటి? గతం అరగదు కదా."
"నా ఇంట్లోంచి పోయిన ప్రతివాడూ
ఆ పూట నా కొడుకు మొహం చూసిపోయాడు.
నేను తప్ప."

ప్రతివాదుల్లోంచి రోసెండో ఇబాకాచే లేచాడు,
వకీలు కోటు పట్టి లాగుతున్నా.
"అమ్మా, నలభై ఒక్కసార్లు దాటాను.
చెల్లెలి కోసం పరుగు, ఎప్పుడూ పరుగే.
బల్ల మీద రాలిన రొట్టె పొడి వేలితో ఏరి
మీ టీ సాసర్లో పెట్టేవాడు. పిట్టలకేమో.
మీకు చెప్పాలని
ఒక్కసారీ తట్టలేదు నాకు."

తీర్పు ఒకటిన్నర పేజీ.
దారి మూయలేదు. సుంకం వేసింది:
దాటిన ప్రతి మనిషీ తిరిగొచ్చాక
ఒక్క వాక్యం రాసిపోవాలి.
చూసింది, చూసింది మాత్రమే.

ఆ పుస్తకం నా సొరుగులో ఉంటుంది.
'ఎడమ మోచేతి దగ్గర చొక్కా చిరిగింది.'
'నోటినిండా పెట్టుకుని ఏదో పాడుతున్నాడు.'
'చూడలేదు, క్షమించాలి, పరిగెత్తాను.'
ఆమె శుక్రవారాలు వస్తుంది, నేను చదివి వినిపిస్తాను.
ఆ మూడోది కొట్టేయబోతే
"అదీ ఉండనీ" అంది.

మొన్న పద్నాలుగేళ్ళ కుర్రాడు రాశాడు,
కోడి కెలికినట్టున్న రాత, రెండుసార్లు చదవాల్సి వచ్చింది:
'తలెత్తి మీ వీపు వైపు చూశాడు. చాలాసేపు.'

ఆమె సంచి ఒళ్ళోంచి కింద పెట్టింది.
"చాలాసేపు అంటే ఎంత?"

తెలీదన్నాను.
ఆ కుర్రాణ్ణి పిలిపించమంది.

ఇలాంటి సమన్లకి మా చట్టంలో సెక్షన్ లేదు.
టైపు చేస్తున్నాను.