ఉంగరం వేలు

ఓడెట్ ప్రూయిట్ వెనక పదకొండేళ్లు బేస్ వాయించాను.
ఆమె గురించి రాసినవాళ్లంతా
ఆ తప్పిపోయే స్వరాన్ని శైలి అన్నారు.
శైలీ లేదు, పాడూ లేదు.
ఆర్కన్సాలో కోళ్ల ఫ్యాక్టరీ, రాత్రి షిఫ్టు,
పంతొమ్మిదేళ్ల వయసు. బెల్టు ఆగలేదు.
ఎడమచేతి ఉంగరం వేలు కణుపు దాకా పోయింది.

అందని తీగను వదిలేసి పాటలు కట్టుకుంది:
తడి ఈకల వాసన, కారు వాయిదాలు,
వంటింట్లో లైటార్పని అక్క.

బ్యూక్ డిక్కీ నిండా క్యాసెట్లు,
మూత పడక తాడుతో కట్టేవాళ్లం.
తల్సాలో బీరు సీసా విసిరినవాడికి
ఇంకో చరణం పాడింది, వాడి వంకే చూస్తూ.
ఆ రాత్రి ఇద్దరికీ కలిపి పద్నాలుగు డాలర్లు.

నాష్‌విల్‌లో ఒకే ఒక్క రికార్డు.
అద్దం అవతల ఎవరినో కూర్చోబెట్టి
ఆ లేని స్వరాన్ని నింపించారు.
విని, హెడ్‌ఫోన్లు తీసి బల్ల మీద పెట్టి
"ఇప్పుడిది ఎవరి పాటైనా కావచ్చు" అంది.
మెచ్చుకుందనుకున్నాను.

తర్వాత ఇరవై రెండేళ్లు స్కూలు బస్సు నడిపింది.
నేనా? పెళ్లిళ్లలో వాయించాను. ఆ సంగతి వద్దు.

మొన్న ఫేయెట్‌విల్‌లో, చర్చి కింది గదిలో
ఒక కుర్రాడు, నిక్షేపంలాంటి అయిదు వేళ్లవాడు,
ఆమె ముందే ఆమె పాట పాడాడు
ఉంగరం వేలిని భక్తిగా పైకెత్తి పట్టుకుని.
డెబ్భై ఒకటో ఏట ఓడెట్
చెవి మిషను సర్దుకుంటూ చివరిదాకా విని,
లేచి వెళ్లి
ఆ వేలు పట్టుకుని తీగకు ఆనించింది.

"ఉందిగా నాయనా, వాడుకో."