కాలికి బలపం

వెంట ఉన్నది నేనొక్కణ్ణే.
అయినా దెస్పినా పసుపు గొడుగు పైకెత్తి పట్టుకునే నడుస్తుంది,
వెనక నలభై మంది తప్పిపోతారేమో అన్నట్టు.
"అలవాటండీ," అంది. "ఇది దించితే నాకు మాట రాదు."

బుకారెస్ట్‌లో జూన్ నెల.
లిండెన్ చెట్లు విరగబూసి
వీధి వీధంతా ఎవరో తేనెసీసా మూత తీసి మరిచిపోయినట్టుంది.
మూడు గంటలకు డబ్బు కట్టాను.
మొదటి గంట రసీదులో రాసినట్టే నడిచింది:
పాత సత్రం, దాని చెక్క వరండాలు,
రాజులు, పన్నులు, భూకంపాలు,
ఏ గోపురానికి ఎప్పుడు రేకు మార్చారో.
చిరిగిన సంచిలోంచి బఠాణీల్లా తేదీలు రాలుతున్నాయి.
ఒక్కటీ ఏరుకోలేదు నేను.
కొత్త బూటు మడమ కొరుకుతోంది.

అపార్ట్‌మెంట్ల వెనక, ఆరేసిన దుప్పట్ల చాటున
ఒక చిన్న చర్చి.
"ఇది ఇక్కడిది కాదు. ఆ గుట్ట మీద ఉండేది.
చుట్టూ అంతా కూల్చేస్తుంటే
ఇంజనీర్లు దీని పునాది కోసి, కింద పట్టాలు వేసి
మెల్లగా జరుపుకుంటూ తెచ్చి ఇక్కడ దాచారు.
లోపల దీపం కూడా ఆరలేదని చెబుతుంటాను.
నేను నమ్మను. చెబితే టిప్పు బాగా వస్తుంది."

"మరి ఇళ్లు?" అన్నాను.

గొడుగు ఒక పక్కకి ఒరిగింది.
"ఇళ్లకు పట్టాలెవరు వేస్తారు?"

పట్టాలుండే ఉంటాయి, ఇనప్పెట్టెల్లో, సీళ్లతో సహా.
నా భాషలో రెండూ ఒకటే మాటని చెప్పబోయి
నాలుక కరుచుకున్నాను.

తర్వాత ఆ వెడల్పాటి రోడ్డు.
ఈ చివర ఫౌంటెన్లు, ఆ చివర
మెడ నొప్పెట్టేంత భవనం.
దాని వైపు చూపిస్తుందనుకున్నాను.
గొడుగు మూసి చంకలో పెట్టుకుంది.
ఒక లైటు స్తంభానికి వీపు ఆనించి
పెదాల కిందే లెక్కపెడుతూ పదకొండు అడుగులు వేసింది.

"ఇది మా గేటు. తుప్పు పట్టింది, చెయ్యి జాగ్రత్త."
గాల్లోంచి చెయ్యి వెనక్కి తీసుకున్నాను.
"ఇక్కడ గడప ఎత్తు. తట్టుకుంటావు."
కాలెత్తి దాటాను.
మీరు పోయి నువ్వు ఎప్పుడొచ్చిందో గమనించనేలేదు.
వంటిల్లు. గోడకి గుత్తిగా ఉల్లిపాయలు.
తాత మంచం, దాని కింద
ఎవరికీ చెప్పకుండా దాచిన రేడియో.
ఒక బస్సు వచ్చి
మంచం మీదుగా పోయింది.

ఇంతలో స్కేట్‌బోర్డు మీద ఒక కుర్రాడు
గోడలోంచి సర్రున దూసుకొచ్చాడు.
"హోరియా! తలుపు తీసుకుని రారా!" కేకేసింది దెస్పినా.
వాడు నవ్వి, వెనక్కి వెళ్లి,
లేని గొళ్లెం తీసి, లోపలికొచ్చి,
మళ్లీ గొళ్లెం పెట్టి మరీ పోయాడు.
పక్క బ్లాకులో ఉంటాడట. నేర్పించిందట.

ఊరికే తిరిగేవాళ్లని మా వైపు అంటాం,
కాలికి బలపం కట్టుకున్నావా అని.
నన్ను చాలాసార్లు అన్నారు.
కట్టాల్సింది ఈమె కాలికి.
ఇన్నేళ్లు అవే పదకొండు అడుగులు, అవే మూలలు,
గీత మీద గీత పడి ఈపాటికి
తారు మీద ఇల్లు తెల్లగా తేలి ఉండేది,
ట్రాఫిక్ పోలీసు చుట్టూ తిరిగి వెళ్లాల్సి వచ్చేది.

ఒకటి మాత్రం కనిపెట్టాను.
వంటింటికీ పడగ్గదికీ మధ్య ప్రతిసారీ
ఏదో బురదగుంట తప్పించుకున్నట్టు
ఒక బారెడు వంపు తిరిగి వెళ్తుంది.
"అక్కడేముంది?"

"అది పెట్రాకేవాళ్ల జాగా.
మా గోడ మూరెడు లోపలికొచ్చిందని వాళ్లు,
రాలేదని మా తాత.
కోర్టులో ఉండగానే బుల్డోజర్ వచ్చింది.
కేసు తేలనిదే
నేనైతే అందులో కాలు పెట్టను."

గడియారం చూసుకుంది. గొడుగు విప్పింది.
"ఎడమవైపు చూడండి," అంది,
మళ్లీ నలభై మందితో.